మా ఆయన పదమూడు ఆల్బమ్‌లు, నేను పెట్టిన మడత

రాండి, ఇట్ల దగ్గరికి జరుక్కోండి. ఆ నాపబండ సల్లగుంటాది, దాని మీద కూకోండి. గోడకు మాత్రం ఆనుకోవద్దు, సిమెంటు దుమ్ము అంటుకుంటాది. చేతిలో పనుంటే చేసుకుంటానే వినండి. నేను చెప్పబోయేది నా తెలివి గురించి. శానా పొద్దు పట్టదు, ఆ తెలివి శానా లేదు కాబట్టి.

నేను ఐదో తరగతి దాకా చదివినా. అదీ నిండా ఐదు కాదు. మాది జమ్మలమడుగు పక్కన మగ్గాల ఇల్లు. ఒకనాడు వీధిలో పడుగు దారాలు సాగదీసేదానికి మనిషి తక్కువైతే మా నాయన బడికాడికొచ్చి నన్ను పిల్చుకపోయినాడు. ఆ పొద్దు పడుగు పట్టుకున్నదాన్ని మళ్లీ పలక పట్టుకోలే. కానీ విన్నది మరిచిపోను. ఎవురి పెండ్లిలో ఎవురు అలిగినారు, ఏ చీరకు ఏ అంచు ఉండె, పప్పులో ఉప్పు ఎక్కువైందని మొదట అన్నదెవురు, అన్నీ చెప్తా. అందుకే మా చుట్టాలిండ్లలో యాడికి పోయినా నా చుట్టూ కూకొని కతలు చెప్పమంటారు. అట్ల అడిగించుకొని అడిగించుకొని నాకు కొంచెం తల తిరిగింది. ఆ తిరుగుడే దీనికంతా మూలం.

మా ఆయన నా మేనత్త కొడుకు. నేను బావా అంటా, ఆయన నన్ను మే అంటాడు. ఎర్రగుంట్ల సిమెంటు ఫ్యాక్టరీలో మిల్లు కాడ ఇరవై తొమ్మిదేండ్లు పనిచేసినాడు. మిల్లు అంటే పిండి మిల్లు అనుకునేరు. బస్సంత ఇనుప డ్రమ్ము, దాన్నిండా ఇనుప గుండ్లు, అది తిరుగుతాంటే ఆ గుండ్లు రాళ్ల మీద పడి పొడి చేస్తాండాయి. దాని పక్కన నిలబడి మాట్లాడాలంటే మాట్లాడలేరు, సైగలే. ఇంటికొచ్చినాక కూడా ఆయన రెండు గంటలసేపు సైగలే చేస్తాండె. నీళ్లు కావాలంటే బొటనవేలు నోటికాడ పెట్టి చూపిస్తాడు. పెండ్లైన కొత్తల్లో నేను, ఇదేంది, మాటలొచ్చే మా బావ మూగోడైపోయినాడే అనుకున్నా.

ఆయనకు ఒకటే పిచ్చి. కర్నూల్లో ఐటీఐ చదివేటప్పుడు పాతూర్లో ఒక రేడియో రిపేరు అంగడి ఉండె. ఆ అంగడాయప్ప ఈయనకు దోస్తు, మేము భాయ్ అంటాం. ఆ భాయ్ వాళ్ల అన్న కువైట్‌లో డ్రైవరు. ఆయన వచ్చేటప్పుడు కంబళ్లు, సెంటు సీసాలు, వాటితోన ఒక మూట క్యాసెట్లు తెచ్చినాడంట. ఆ మూటలో ఒకటి ఇంగ్లీషు బ్యాండుది. న్యూవేవ్ అంటారంట ఆ మాదిరి పాటల్ని. అట్ట మీద నలుగురు తెల్లోళ్లు, నలుగురికీ ఒక కంటి మీద వెంట్రుకలు పడుంటాయి. ఆ ఒక్క క్యాసెట్టు విని మా ఆయన, ఆ భాయ్, ఇద్దరూ చెడిపోయినారు.

నాకు పెండ్లైన మూడోనాడు వినిపిచ్చినాడు. ఏం చెప్పేది? ఎవురో బావిలో పడి, కాపాడండి అనకుండా, నాకేం పర్వాలేదు మీ పని మీరు చూసుకోండి అన్నట్టు పాడతాండాడు. డ్రమ్ము వాయించేది మనిషి కూడా కాదంట, మిషనంట.

"దినమంతా మిషను కాడ నిలబడి, ఇంటికొచ్చి మళ్లీ మిషనే వింటావా బావా?" అన్నా.

"ఫ్యాక్టరీలోది అరుస్తాది మే. ఇది మాట్లాడతాది" అన్నాడు.

సరే, మొగుడు చెప్పినాడు కదా అని నేనూ నాలుగు దినాలు విన్నట్టు నటిచ్చినా. ఒకసారి ఆ క్యాసెట్టులో టేపు తెగింది. నేను చేనేత పిల్లను కదా, తెగిన పోగు అతికేది నాకు పుట్టుకతో వచ్చిన విద్య. ఆయన డ్యూటీలో ఉంటే, వేలికి రవ్వంత బూడిద రాసుకొని, రెండు కొసలు కలిపి, పోగు మెలేసినట్టు మెలేసినా. సాయంత్రం ఆయన పెడితే పాట మధ్యలో గుర్రుమని ఒక కుక్క వచ్చిపోయింది. అప్పట్నుంచి ఆ క్యాసెట్టు ఉన్నన్నాళ్లూ ఆ కుక్క ఉండె. ఆయన నన్ను ఏమీ అనలే. ఆ కుక్క వచ్చేకాడ మాత్రం నా దిక్కు ఒకసారి చూస్తాండె.

ఎండలకు క్యాసెట్లన్నీ సేమియా మాదిరి సాగిపోయినాయి. ఆ టేప్‌రికార్డరు మూలబడింది. పిల్లల చదువులు, పెండ్లిండ్లు, ఆయన రిటైరు కావడం, అన్నీ అయిపోయినాయి. రిటైరైనాక ఆయనకు టీవీ సౌండు చాలకుండా పోయింది. పక్కింటామె గోడ మీదనుంచి, "వదినా, మీ టీవీలో సీరియల్ మా ఇంట్లోనే చూస్తాండాం" అనేదాకా వచ్చింది. కడపకు పోయి చెవుల డాక్టరుకు చూపిచ్చినాం. ఈయన్ను ఒక చిన్న గదిలో కూకోబెట్టి, శబ్దం వినపడితే బొత్తాం నొక్కమన్నారు. బయట నేను అద్దంలోనుంచి చూస్తాండా. మొదట టకటకా నొక్కినాడు. తర్వాత శానాసేపు ఊరికే కూకున్నాడు, వేలు బొత్తాం మీద పెట్టుకొని.

డాక్టరమ్మ కాగితం మీద గీత చూపిచ్చింది. గీత మట్టంగా పోయి పోయి, గండికోట అంచు కాడ పెన్నలోకి పడ్డట్టు కిందికి దిగబడింది. "సన్న శబ్దాలు, కీచు శబ్దాలు పోతాండాయి. తర్వాత మిగతావి. చెవికి మిషను పెట్టుకోవాల, చెవిలో ఏమీ పోయొద్దు. ఆలస్యం చేస్తే ఉండేది కూడా పోతాది" అనింది. నెలన్నర తర్వాత సోమవారం మిషను పెట్టేదానికి రమ్మనింది.

తిరిగొచ్చేదానికి బస్సెక్కినాం. కమలాపురం కాడ బస్సు నిలిచింది. చెనిక్కాయలు అమ్మేవాళ్లు కిటికీల కాడ అరుస్తాండారు. అప్పుడన్నాడు: "మే, ఆ బ్యాండు పాటలన్నీ ఒగసారి మొదట్నుంచి చివరిదాకా వినాల. చెవి ఉండంగానే."

కర్నూలు భాయ్‌కి ఫోన్ చేసినాడు. ఆ భాయ్ ఇన్నేండ్లలో ఆ బ్యాండు వాళ్ల సీడీలు ఒక్కొక్కటే సంపాదిచ్చి పెట్టుకున్నాడు. మొత్తం పదమూడు ఆల్బమ్‌లు. వాటిని లాస్‌లెస్ అనే పద్ధతిలో ఒక గోరంత కార్డులోకి ఎక్కిచ్చి, అగ్గిపెట్టంత ప్లేయరు, చెవులకు పెట్టుకునే హెడ్‌ఫోన్లు జతచేసి పంపినాడు. "లాస్‌లెస్ అంటే యాందప్పా?" అని ఈయన అడిగితే, "సీడీలో ఎంతుందో అంతా, రవ్వ కూడా పోకుండా" అన్నాడంట. పాటలతోన పాటు స్టేజీ మీద పాడినవి, మిగిలిపోయినవి, అన్నీ కుక్కినాడు. కార్డు అంచుదాకా నిండింది.

మా ఆయన ఒక్కసారే వినలే. వారానికి రెండు, మంగళవారం ఒకటి, శుక్రవారం ఒకటి, మధ్యాన్నం సంగటి తిన్నాక. కూర అయిపోతాదని చిన్నపిల్లోళ్లు ఒట్టి సంగటి ఎక్కువ తిని కూర దాచుకుంటారే, అట్ల. విన్నాక నాకు చెప్తాడు: "ఎడమ చెవిలో గిటారు మే, కుడి చెవిలో ఇంగో గిటారు. ఇద్దరూ జగడం పెట్టుకున్నట్టే ఉంటారు, పెట్టుకోరు." అన్నిటికంటే ఆరో ఆల్బమ్ కోసం కాచుకోనుండె. కువైట్‌నుంచి వచ్చిన ఆ మొదటి క్యాసెట్టు అదే. దాంట్లో అన్నిటికంటే చివర వచ్చే కడాపాట కొసలో ఒక చిన్న గంట టింగుమని ఎడమపక్క పుట్టి, తలకాయ మధ్యలోనుంచి నడుచుకుంటా పోయి, కుడిపక్క సన్నగా సచ్చిపోతాదంట. "అది వినపడితే సాలు మే. ఇంక యేం పోయినా పోనీ" అన్నాడు.

ఇప్పుడు నా తెలివి వస్తాది, సర్దుకోండి.

మా చెల్లెలి కూతురు తిరుపతిలో డిగ్రీ చదువుతాది. ఒక పెండ్లిలో నేను కతలు చెప్తాంటే ఫోన్లో వీడియో తీసింది. పదకొండు కతలు. "పెద్దమ్మా, నీ గొంతు రేడియోలో రావాల్సింది" అనింది. ఆ ఒక్క మాటకు నేను నాలుగు దినాలు నేల మీద నడవలే. ఆ పదకొండూ నా ఫోన్లో పంపింది. నేను ఒక్కదాన్నే చూసుకున్నా, నాకు నేనే నవ్వుకున్నా, ఒక కతలో నాకు నేనే ఏడ్చినా కూడా.

చూసి చూసి నాకొక ఆలోచన వచ్చింది. ఈయన ఇరవై తొమ్మిదేండ్లు మిల్లు విన్నాడు. నలభై ఏండ్లుగా ఆ బావిలో పడినోణ్ణి వింటాండాడు. ఊరంతా కూకొని వినే నా కతను మాత్రం ఒక్కనాడు నిమ్మళంగా కూకొని వినలే. అడిగితే, "దినామూ వింటానే ఉండా కదా మే" అంటాడు. చెవి పోకముందు ఆ పదమూడు ఆల్బమ్‌ల పక్కన నావి పదకొండు కూడా ఉండాల, అదే కార్డులో. అదీ నా పంతం. పంతం అన్నా సరే, కుళ్లు అన్నా సరే.

ఆయన తోటకూర విత్తనాలకు పోయిన పూట కార్డు తీసుకొని జంక్షన్ కాడ సెల్‌ఫోన్ అంగడికి పోయినా. ఆ అంగడాయప్ప ఒక ఫోనుకు గాజు అతికిస్తాండాడు. కార్డు పెట్టి చూసి, "నిండిపోయుండాదమ్మా. మీ వీడియోలు పట్టవు. పాటలన్నా తీసేయాల, లేకుంటే కుదిచ్చాల" అన్నాడు.

"కుదిచ్చేదంటే?"

"సైజు తగ్గిస్తా. పాట అదే, సోటు తక్కువ పడ్తాది."

ఓహో, మడత, అనుకున్నా. మడత గురించి నాకు చెప్పాల్నా? మా నాయన ఆరు గజాల నూలుచీరను మడిచి మడిచి ఆకూవక్క పెట్టెలో పట్టిచ్చేవాడు. వ్యాపారి ముందర పెట్టి ఇప్పితే ఒక్క పోగు పోయుండదు, గజం తగ్గుండదు. అట్ల మడిచేది ఎట్లనో నాకు ఏడేండ్లకే తెలుసు.

"మడిచింది మళ్లీ ఇప్పుకోవచ్చు కదప్పా?" అన్నా.

ఆయప్ప గాజు కింద బుడగ పోగొట్టే పనిలో ఉండి, "ఆఁ, ఆఁ" అన్నాడు.

"అయితే గట్టిగా మడువు. ఎంత చిన్నగా అయితే అంత. నా కతలు మాత్రం ముట్టుకోవద్దు, వాటిని పెద్దగానే ఉండనీ."

ఇట్ల నేనే దగ్గరుండి, నా నోటితోనే చెప్పి చేపిచ్చుకున్నా. ఇంకొకరి మీద నెట్టేదానికి నాకు సందే లేదు.

మంగళవారం వచ్చింది. ఆరో ఆల్బమ్. ఆయన సంగటి తిని, చేతులు శుభ్రంగా కడుక్కొని, ఉతికిన చొక్కా వేసుకొని కూకున్నాడు, ఎవురో పెద్దమనిషి ఇంటికి వస్తాండట్టు. నేను పక్కనే చెనిక్కాయలు ఒలుస్తాండా. ఆయన విన్నాక, ఇదో, ఇందులో ఇంకేముండాదో చూడు బావా అని నా కతలు చూపిచ్చాలని నా ఉబలాటం.

పాటలు మొదలైనాయి. రవ్వంత సేపటికి ఆయన హెడ్‌ఫోన్లు రెండు చేతుల్తో చెవులకు అదుముకున్నాడు. తీసి, తుడిచి, మళ్లీ పెట్టుకున్నాడు. ఎడమది కుడికి, కుడిది ఎడమకు మార్చి పెట్టుకున్నాడు. కడాపాట వచ్చినట్టుంది, కండ్లు మూసుకొని చూపుడువేలు పైకెత్తి కాచుకున్నాడు. ఆ వేలు అట్లనే ఉండె, ఉండె. తర్వాత మెల్లగా దిగి తొడ మీద పడింది.

"ఎట్లుండాది బావా?"

"బాగుండాది మే."

ప్లేయరును తువ్వాల్లో చుట్టి బీరువాలో పెట్టి, బయటికి పోయినాడు. నేను, ఆహా, మనసు నిండి మాట రాక పోయినాడు, నా కతలు ఇంగో పొద్దు చూపిస్తాంలే అనుకున్నా. చూడండి, ఎంత బాగా అర్థం చేసుకున్నానో.

శుక్రవారం ఆయన ప్లేయరు తీయలే. "ఈ పొద్దు వద్దులే" అన్నాడు. మళ్లీ మంగళవారం, "పాటలు యాడికి పోతాయి" అన్నాడు. ఎప్పుడూ చెవి ముట్టనీయనోడు తనంతట తానే వచ్చి, "మే, వెల్లిపాయ నూనె కాంచి రెండు చుక్కలు ఎయ్" అన్నాడు. డాక్టరమ్మ చెవిలో ఏమీ పోయొద్దనింది కదా అనేది నాకు గుర్తుకు రాలేదు. మొగుడు నా వైద్యం అడిగినాడు, అంతే సాలు, గరిటె నిండా కాంచినా.

ఒకనాడు మధ్యాన్నం పెరట్లోకి పోతే, ఆయన అరటిచెట్టు కాడ నిలబడుకొని ఎడమ చెవి కాడ అగ్గిపెట్టె ఆడిస్తాండాడు. తర్వాత కుడి చెవి కాడ. మళ్లీ ఎడమ.

"ఏం బావా, అగ్గిపెట్టెతో మాట్లాడతాండావు?"

ఆయన ఉలిక్కిపడి, "పుల్లలు ఎన్నుండాయో చూస్తాండా" అన్నాడు.

నేను నవ్వినా. పక్కింటామెకు చెప్పి ఆమెనూ నవ్విచ్చినా. ఆ నవ్వు తలుచుకుంటే ఇప్పుడు కూడా నా చెంప మీద నేనే వేసుకోవాలనిపిస్తాది.

రెండు దినాలకు చెల్లెలి కూతురు ఫోన్ చేసింది. "పెద్దమ్మా, నీ కతలు పెదనాయన విన్నాడా?"

"ఇంకా లేదు పాపా. కార్డులో అయితే ఎక్కిచ్చినా. ఆ ఇంగ్లీషు పాటలన్నీ మడిపిచ్చి సోటు చేసినా."

"మడిపిచ్చినావా? అంటే?"

చెప్పినా. 

"అవి లాస్‌లెస్ పెద్దమ్మా! రవ్వ కూడా పోకూడదనే కదా ఆయన అట్ల తెప్పిచ్చుకున్నాడు. ఎంత చిన్నగా చేసినారు?"

"శానా చిన్నగా. గట్టిగా మడువని నేనే చెప్పినా."

"అది మళ్లీ ఇప్పుకోదు పెద్దమ్మా. సన్న శబ్దాలన్నీ పోయింటాయి. రెండు పక్కలదీ ఒకటే చేసేసింటారు."

ఫోను పెట్టినాక అగ్గిపెట్టె గుర్తుకొచ్చింది. దిగిపోయిన ఆ వేలు గుర్తుకొచ్చింది. ఆయన, పాటలు పోలేదు, నా చెవే పోయింది అనుకుంటాండాడు. ఒక్క వారంలో, సన్న శబ్దమంతా, ఎడమ కుడి తేడాతోన సహా పోయిందని. నాతో చెప్పకుండా ఒక్కడే మోస్తాండాడు.

ఆయన నాకు పదడుగుల దూరంలో మంచం మీద కూకోని ఉండాడు. పోయి ఒక్క మాట, బావా నీ చెవికేం కాలేదు, అంటే అయిపోతాది. అనలేకపోయినా. ఎందుకంటారా? ఎందుకు మడిపిచ్చినావు అని అడుగుతాడు కదా. నా పదకొండు కతల కోసం అని చెప్పాల కదా. ఊరందరి గుట్లూ కతలుగా చెప్పే నాకు, నాది ఒక్కటి చెప్పేదానికి నోరు పెగల్లే. దాని బదులు ఒక అబద్ధం పెగిలింది. కర్నూల్లో చుట్టాలామెకు బాగలేదంట, చూసి రావాల అన్నా.

కార్డును కొంగున ముడేసుకొని, ప్రొద్దుటూర్లో ఒక బస్సు, నంద్యాలలో ఒక బస్సు మారి, ముడి పదిసార్లు తడుముకుంటా కర్నూలు చేరినా. పాతూర్లో ఆ భాయ్ అంగడి ఇంకా అట్లనే ఉండాది. గడ్డం నెరిసింది, కండ్లద్దాలు దారంతో మెడకు కట్టుకున్నాడు.

"అరే చెల్లెమ్మా! రా, రా. నా దోస్తు యాడ?"

"ఆయనకు తెలియకుండా వచ్చినా భాయ్. తప్పు చేసినా."

ఆయనకు మాత్రం మొత్తం చెప్పినా. విచిత్రం ఏమంటే, మొగుడికి చెప్పలేనిది ఆయనకు చెప్పేటప్పుడు కతమాదిరే గడగడా వచ్చింది, మధ్యలో రెండుసార్లు నవ్విచ్చినా కూడా. నా రోగం అట్లాంటిది.

కార్డు కంప్యూటరుకు పెట్టి చూసి ఆయన నెత్తిన చెయ్యి పెట్టుకున్నాడు. "యా అల్లా! ఇంత గట్టిగా ఎవురమ్మా మడిచింది? టెలిఫోన్లో వినే మాట కూడా దీనికంటే మేలుగా ఉంటాది." తర్వాత కిందికి పోయి చూసి, "ఈ పదకొండు వీడియోలు మాత్రం నిండుగా, సల్లగా ఉండాయే?"

"వాటిని ముట్టుకోవద్దని చెప్పినా భాయ్."

ఆయన నవ్వేదానికి కండ్లద్దాలు తీసి పక్కన పెట్టాల్సొచ్చింది.

"చూడు చెల్లెమ్మా, నేను పంపినప్పుడే మడిచి పంపినా. లాస్‌లెస్ అంటే అదే, మడత. ప్లేయరు ఇప్పుతాది, పోగు పోకుండా మళ్లీ చీర వస్తాది. మీ ఊరాయప్ప మడవలే. అంచు కత్తిరిచ్చినాడు, జరీ పీకినాడు, మిగిలింది సగం చేసి కర్చీఫ్ ఇచ్చినాడు."

చేనేత ఇంట్లో పుట్టినదానికి, మడతకూ కత్తిరింపుకూ తేడా ఒక రేడియో ఆయప్ప చెప్పాల్సొచ్చింది. తలొంచుకొని విన్నా.

"నువ్వే విను" అని రెండూ వినిపిచ్చినాడు, గూట్లో ఉండే రెండు పెద్ద స్పీకరు డబ్బాల్లోనుంచి. మొదట కర్చీఫ్, తర్వాత చీర. "తేడా తెలిసిందా?"

"రెండింట్లోనూ బావిలోనే ఉండాడు కదా భాయ్" అన్నా. ఆయన మొగం చూసి నోరు మూసుకున్నా.

అప్పుడు ఆ కడాపాట కొస పెట్టినాడు. కర్చీఫ్‌లో పాట ఊరికే ఆగిపోయింది. చీరలో, పాట ఆగినాక, ఎడమపక్క డబ్బా కాడ టింగుమని ఒక గంట. అది నా ముందరగా నడిచింది, నిజంగానే నడిచింది, నేను తల తిప్పి చూసినా. కుడిపక్కకు పోయి, సన్నమై, సన్నమై పోయింది. అది పోయినాక గదిలో ఫ్యాను శబ్దం కూడా కొత్తగా వినపడింది. మా ఆయన ఉతికిన చొక్కా వేసుకొని దేనికోసం వేలెత్తి కూకున్నాడో నలభై ఏండ్లకు నాకు తెలిసింది.

భాయ్ ఇంట్లోనుంచి ఉగ్గాని, బజ్జీలు తెప్పిచ్చి తినమన్నాడు. కొత్త కార్డు చేసి ఇచ్చినాడు. "ఇది బ్యాండుకు మాత్రం. నీ కతలకు ఇంగో కార్డు, ఇదిగో. ఒకే ఇంట్లో రెండు పొయ్యిలు పెట్టుకోండి, జగడం ఉండదు." పోయేటప్పుడు ఆ రెండు డబ్బాలు కూడా గోనెసంచిలో కట్టిచ్చినాడు, దోస్తుకు ఇమ్మని. బస్సులో కండక్టరు, "యేందక్కా, కోళ్లా?" అన్నాడు.

శుక్రవారం కొత్త కార్డు గుట్టుగా ప్లేయరులో పెట్టి, "ఈ పొద్దు విను బావా" అన్నా. వద్దన్నాడు. "ఆ ఆరోదే మళ్లీ పెట్టుకో" అన్నా. వద్దన్నాడు. ఆయన్ను ఒప్పించాలని నోటికొచ్చింది అనేసినా: "ఇన్ని దినాలు నూనె పోసినా కదా, పనిచేసిందేమో చూడరాదా?"

పెట్టుకున్నాడు. మొదటి పాటకే కండ్లు తెరిచినాడు. తల ఎడమకు తిప్పినాడు, కుడికి తిప్పినాడు. కడాపాట కొసకు వేలు లేచింది. లేచి, గాల్లో ఎడమనుంచి కుడికి మెల్లగా నడిచింది.

"మే! వచ్చింది మే! వెల్లిపాయ నూనె మే!"

ఆయన కండ్లలో నీళ్లు. నేను అప్పుడన్నా చెప్పాల్నా వద్దా? చెప్పలే. నా నూనెను మెచ్చుకుంటాండె కదా, అదీ వినేదానికి బాగనే ఉండె.

తెల్లారి తలుపు తీస్తే ఫ్యాక్టరీలో రిటైరైన నలుగురు నిలబడుకోనుండారు. నలుగురూ మిల్లు కాడ పనిచేసినోళ్లే, నలుగురికీ చెవులు అంతంతే. "ఆ నూనె ఏదో మాకూ రెండు చుక్కలు ఎయ్యమ్మా" అని గట్టిగా అరుస్తాండారు. వాళ్ల వెనక మా ఆయన, పెండ్లికొడుకు మాదిరి. "నేను కడపకు పోయేది లేదప్పా. సోమవారం మిషను పెడ్తారంట. ఎందుకు ఆ మిషను? నా భార్య ఉండంగా!"

 ఆలస్యం చేస్తే ఉండేది కూడా పోతాదని డాక్టరమ్మ అనింది నా తలలో గంట కొట్టినట్టు వినపడింది. నా పరువు కోసం ఈయన చెవి పోగొడతాండా. ఈయనదే కాదు, ఇంకో ఎనిమిది చెవులు కూడా.

"బావా, నూనె కాదు" అన్నా.

"ఆఁ?" అన్నారు ఐదుగురూ. చెవిటోళ్ల ముందర గుట్టు చెప్పేదానికి ఎంత గట్టిగా చెప్పాలో మీకు తెలుసునా? వీధంతా వినపడేటట్టు చెప్పినా. సెల్‌ఫోన్ అంగడి, గట్టిగా మడువనింది, కర్నూల్లో లేని చుట్టాలామె, అన్నీ. పక్కింటామె గోడ మీదికొచ్చి నిమ్మళంగా చెయ్యి ఆనించి వినింది.

మా ఆయన కడాదాకా విన్నాడు. తర్వాత అడిగినాడు: "పదకొండు కతలా?"

"పదకొండే."

"నా చెవి పోయిందని నేను పక్షం దినాలు అగ్గిపెట్టె ఆడిచ్చినా కదమే."

 ఆ నలుగురిలో ఒకాయప్ప, "పాపం, పోనీలేప్పా" అన్నాడు. ఆ పొద్దంతా ఆయన నాతో మాట్లాడలే. మాట్లాడకపోగా సైగలు చేసినాడు. నీళ్లు కావాలంటే బొటనవేలు నోటికాడ పెట్టి చూపిచ్చినాడు. నాకు ఏడుపూ వచ్చింది, నవ్వూ వచ్చింది, ఏది ముందు రానీయాలో తెలియలే.

ఆదివారం మధ్యాన్నం ఆయనే అడిగినాడు: "ఆ కతల కార్డు యాడుండాది?" తెచ్చిస్తే హెడ్‌ఫోన్లు పెట్టుకొని మొదటి కత కడాదాకా విన్నాడు. నేను చాటలో బియ్యం ఏరుతాండట్టు కూకోని, ఒక్క రాయి కూడా ఏరలే.

"ఎట్లుండాది?"

"ఎడమ కుడి రెండూ ఒకటే మాదిరుండాయి" అన్నాడు. మళ్లీ హెడ్‌ఫోన్లు పెట్టుకొని, "రెండోది పెట్టు" అన్నాడు.

సోమవారం కడపకు పోయినాం. డాక్టరమ్మ చెవిలో టార్చి వేసి చూసి, ఈ నూనె పోసిన మహాతల్లి ఎవురని అడిగింది. నేను గోడ మీది బొమ్మ చూసినా. గీత మళ్లీ గీసింది. లోయ అట్లనే ఉండాది, అంచు ఇంకొంచెం ముందరికి జరిగింది. చెవి పూర్తిగా పోనూ లేదు, బాగు కానూ లేదు. డాక్టరమ్మ మొదట చెప్పిందే నిజం. చెవి వెనక మిషను పెట్టి పంపినారు. ఆ మిషనుతో మాటలు బాగా వినపడతాయంట, పాటలు కొంచెం డొక్కుగా వినపడతాయంట. అందుకని ఆయన మాటలకు మిషను పెట్టుకుంటాడు, పాటలకు తీసేస్తాడు. నా కతలకు పెట్టుకుంటాడు.

మిగిలిన ఏడు ఆల్బమ్‌లు ఆ రెండు డబ్బాల్లో పెట్టుకొని ఇద్దరం విన్నాం. నేను బావి మాట ఎత్తలే. పదమూడోది ఒక శుక్రవారం పడింది. దాంట్లో కడాపాట ఒక్కసారి ఆగదు, మెల్లమెల్లగా తగ్గుకుంటా పోతాది. ఆ డ్రమ్ము మిషను ఒకటే దూరమైతా దూరమైతా ఉండె, రైలు ముద్దనూరు దిక్కు పోతాండట్టు. ఆయన తల ముందరికి వంచి వింటాండాడు.

"అయిపోయిందా మే? నాకే వినపడలేదా?"

ఆ పొద్దు ఊరికే అయిపోయింది బావా అనుంటే ఆయనకూ నిమ్మళం, నాకూ నిమ్మళం.

"ఇంకా ఉండాది" అన్నా.

ఆయన తలాడించి అట్లనే కూకున్నాడు. వినపడనిదాని కోసం.

"ఇప్పుడు?"

"ఉండాది బావా. సన్నగా."

నేను ఊపిరి కూడా మెల్లగా పీలుస్తా విన్నా. కడాకు ఒక్క దరువు, ఇంకొకటి, అంతే.

"ఇప్పుడు అయిపోయింది" అన్నా.

ఆయన నా మొగం చూసి, సరే అన్నట్టు లేచినాడు. అన్ని అబద్ధాలు చెప్పినదాని మాట ఎట్ల నమ్మినాడో ఆయనకే తెలియాల.

సరే, లేయండి, పొద్దుపోయింది, మీ పనులు మీకుండాయి. మీ ఇల్లు సల్లగుండాల. మీ పొయ్యి ఆరకుండాల, మీ కుండలో సంగటి అడుగంటకుండాల. మీ ఇంట్లో పెద్దోళ్ల చెవులూ కండ్లూ వాళ్లున్నన్నాళ్లూ వాళ్లతోనే ఉండాల. అవి ముందరే పోతే, అడిగినప్పుడు ఉన్నది ఉన్నట్టు చెప్పే మనిషి పక్కన కూకోనుండాల. పోయిరాండి.